పదకొండు సెకన్లు

డబ్బా మూత తీయగానే వెనిగర్ వాసన.
ఫిల్మ్ చావడం మొదలెడితే
ముందు తెలిసేది ముక్కుకే.
లేబుల్ మీద ఎవరిదో నీలి పెన్సిల్:
"సెతూబల్. సార్డీన్ ఫ్యాక్టరీ. ఆడవాళ్లు. 1961?"
ఆ ప్రశ్నార్థకం ఒక్కటే
రాసినవాడి నిజాయితీ.

లిస్బన్‌లో ఈ నేలమాళిగకి కిటికీ లేదు.
పంతొమ్మిదేళ్లుగా ఇదే నా పని,
ఒకరి సినిమాకి ఇంకొకరి గతం వెతికిపెట్టడం.
సెకనుకి ఇంతని ధర.
దేశంలో ఒక్కసారి చూపిస్తే ఒక రేటు,
ప్రపంచమంతా, ఎప్పటికీ అంటే మరో రేటు.
మా పట్టికలో "ఎప్పటికీ"కి ఒక గడి ఉంది,
టిక్కు పెడితే చాలు.

ఈసారి దొరికింది పదకొండు సెకన్లు, శబ్దం లేకుండా.
గేటులోంచి నలుగురు బయటికొస్తారు.
చెక్క చెప్పులు, తడి ఏప్రన్లు,
మోచేతుల దాకా మెరిసే పొలుసులు.
ఏడో సెకనులో మూడో ఆమె
కెమెరా వైపు చూసి అరచేత్తో నోరు మూసుకుంటుంది.
ఆమె నుదుటి మీదుగా మా సంస్థ వాటర్‌మార్క్,
మందలో గొడ్డుకి పెట్టిన వాతలా.
డబ్బు కడితే చెరిగిపోతుంది.
చివర్లో బొమ్మ ఉన్నట్టుండి ఆకాశంలోకి ఒరిగిపోతుంది.
ఎడిటర్ టెల్మో ఆ ముక్క కోసేశాడు, పనికిరాదని.

ఆ చెయ్యి మాత్రం అతనికి తెగ నచ్చింది.
వేగం సగానికి తగ్గించాడు.
సౌండ్ లైబ్రరీలోంచి ఒక సైరన్ తెచ్చి కింద పరిచాడు,
పైన నాలుగు సముద్రకాకుల్ని చల్లాడు,
ఆ మీద వ్యాఖ్యానం:
"పేదరికం వాళ్లకి సిగ్గుపడటం నేర్పింది."
చీకటి గదిలో ముగ్గురం కాసేపు మాట్లాడలేదు.
బాగుందనే అనుకున్నాం.
నేనూ అనుకున్నాను, దాచను.

బతికున్నవాళ్లు ఎవరైనా గుర్తుపడతారేమో
చూసి రమ్మన్నాడు ఛానెల్ లాయరు.
అలా ఎర్మెలిండా వంటగదిలో,
ఉల్లిపాయలు పక్కకి జరిపి, లాప్‌టాప్ పెట్టాను.
ఎనభై మూడేళ్లు. కళ్లద్దాలు రెండు జతలు.
సైరన్ మోగింది.
లేవబోయినట్టు బల్ల అంచు పట్టుకుంది,
మళ్లీ కూర్చుంది.
"ఇది మాది కాదు.

మాది బొంగురు గొంతు, చివర దగ్గేది.
పడవలొస్తే అర్ధరాత్రయినా కూసేది.
ఒక్కో ఫ్యాక్టరీకి ఒక్కో కూత.
పక్కవాళ్లది మోగితే మంచం మీద ఒత్తిగిలేవాళ్లం కాదు,
మాది మోగితే బట్టలు వేసుకున్నాక మెలకువొచ్చేది.
ఇది ఏ ఊరిదో తల్లీ, ఆపెయ్."

ఆపేశాను. మూగగా మళ్లీ తిప్పాను,
టెల్మో కోసేసిన తోకతో సహా.
ఏడో సెకనులో ఎర్మెలిండా పగలబడి నవ్వింది.
"గ్లోరిండా! సిగ్గా? దానికా?
కెమెరా అబ్బాయి వెనక్కి వెనక్కి నడుస్తున్నాడు,
వాడి వెనక చేపతలల గంప.
ఇది చూసింది. చెప్పలేదు.
ఇదిగో, పడ్డాడు చూడు."

ఆకాశం. తెల్లటి గీతలు. అయిపోయింది.

వ్యాఖ్యానం తీసేయించడానికి రెండు రోజులు పట్టింది.
సైరన్ కూడా పోయింది.
పదకొండు సెకన్ల నిశ్శబ్దమా,
టీవీ పాడైందనుకుంటారన్నాడు దర్శకుడు.
బేరం తొమ్మిది దగ్గర తెగింది,
అంటే మళ్లీ గంప దాకా రాలేదు.
సముద్రకాకుల మీద నేను ఓడిపోయాను.

సాయంత్రం డబ్బాకి కొత్త లేబుల్ అతికించాను.
"ఎడమ నుంచి: ఎర్మెలిండా వాళ్ల వదిన.
బెంటా, మూత సీలు వేసే మనిషి.
గ్లోరిండా, నవ్వుతోంది.
నాలుగో ఆమె ఎవరో తెలియదు.
కెమెరా అబ్బాయి, పేరు తెలియదు, పడ్డాడు."
సంవత్సరం పక్కన ప్రశ్నార్థకాన్ని అలాగే దింపాను.
అరవై రెండు అంది ఎర్మెలిండా ముందు,
గుమ్మం దాకా సాగనంపుతూ
కాదేమో అంది.